ఏడాదిలోపు అందాల్సిన దరఖాస్తు

ఇంటి పెద్ద పోయి పదకొండో రోజు దాటిందో లేదో, పరామర్శకు వచ్చినవాళ్లలో ఎవరో ఒకరు ఆ మాట ఎత్తుతారు. “ఆయన ఉద్యోగం పెద్దోడికి వస్తుందిలే అమ్మా, దిగులు పడకు.” అన్నవాళ్ల మనసు మంచిదే. కానీ ఆ ఒక్క మాటలో మూడు పొరపాట్లున్నాయి. ఆయన ఉద్యోగం ఎవరికీ రాదు. ప్రభుత్వం ఇచ్చేది అంతకన్నా చిన్న పోస్టు కావచ్చు, వేరే శాఖలోదీ కావచ్చు. పెద్దోడికే ఇవ్వాలన్న నియమం ఎక్కడా లేదు. ఇక ‘వస్తుంది’ అన్నదే అన్నిటికన్నా ప్రమాదం. అడగాలి, గడువులోగా అడగాలి, కాగితాలన్నీ పెట్టి అడగాలి. అప్పుడు కూడా పరిశీలిస్తారు, అంతే.

మీ ఇంట్లో అలాంటి కష్టం వచ్చి ఉంటే, లేదా వచ్చిన ఇంటికి మీరే దిక్కుగా నిలబడాల్సి వస్తే, ఈ అధ్యాయం మీ కోసం. చట్టం పుట్టుపూర్వోత్తరాలు ఇక్కడ తక్కువ. రేపు ఏ ఆఫీసుకు వెళ్లాలి, ఏం రాయాలి, చాలా కుటుంబాలు ఎక్కడ దెబ్బతింటున్నాయి అన్నదే ఎక్కువ.

మరణించిన ప్రభుత్వోద్యోగి కుటుంబంలో ఒకరికి ఇచ్చే ఈ ఉద్యోగాలనే కారుణ్య నియామకాలంటారు. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ వీటికి పునాది ఒకటే. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ సాధారణ పరిపాలన శాఖ 1977 అక్టోబరు 3న ఇచ్చిన జీవో 687 అది. దానికి ఏళ్ల తరబడి సవరణలు వచ్చాయి. 2003 ఆగస్టులో ముఖ్యమైనవాటిని ఒకచోట చేర్చి సర్క్యులర్ మెమో ఇచ్చారు. 2014లో రాష్ట్రం రెండయ్యాక తెలంగాణ కూడా ఆ పునాది మీదే నడుస్తోంది. ఆఫీసుల్లో దీన్ని కంపాషనేట్ కేసు అంటారు. ఆర్టీసీ డిపోల్లో బ్రెడ్ విన్నర్ స్కీం అంటారు. సింగరేణి ఊళ్లలో డిపెండెంట్ ఉద్యోగం.

పేరు ఏదైనా కోర్టులు చూసే చూపు ఒక్కటే. 1994లో సుప్రీంకోర్టు ఉమేశ్ కుమార్ నాగ్‌పాల్ కేసులో దాన్ని తేల్చి చెప్పింది. సంపాదించే మనిషి ఉన్నట్టుండి పోవడంతో కుటుంబం మీద పడిన ఆర్థిక సంకటం నుంచి తక్షణం గట్టెక్కించడమే ఈ నియామకం ఉద్దేశం. ఇది హక్కుగా సంక్రమించేది కాదు. మూడో, నాలుగో తరగతి పోస్టులకు మించి ఇవ్వకూడదు. ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన మరో కేసులోనూ, పుట్టుక ఆధారంగా ప్రభుత్వ ఉద్యోగం ఇవ్వడం రాజ్యాంగంలోని 16వ అధికరణకు విరుద్ధమని చెప్పింది. సింగరేణిలో కార్మికుల వారసులకు ఉద్యోగాలిస్తామంటూ వచ్చిన నోటిఫికేషన్‌ను 2017లో హైకోర్టు కొట్టేసిందీ అందుకే. తర్వాత అక్కడ ఉద్యోగాలు ఇస్తున్నది వైద్య కారణాలతో అన్‌ఫిట్ అయిన కార్మికుల పిల్లలకు, కారుణ్యం దారిలో.

ఇదంతా మీకెందుకు? ఎందుకంటే మీరు రాసే ప్రతి కాగితాన్నీ అధికారి ఈ కళ్లతోనే చూస్తాడు. “మా నాన్న ముప్ఫయ్యేళ్లు సేవ చేశారు కాబట్టి నాకు ఇవ్వండి” అని రాస్తే ఆ వాక్యం ఫైల్లో ఎందుకూ పనికిరాదు. “మా నాన్న జీతం తప్ప ఇంట్లో మరో ఆదాయం లేదు, ఇద్దరు చదువుకునే పిల్లలున్నారు, ఇంటి అప్పుకు నెలనెలా ఇంత కట్టాలి” అంటే పనికొస్తుంది.

1. ముందు క్యాలెండర్ తియ్యండి

ఉద్యోగి మరణించిన తేదీ నుంచి ఏడాదిలోపు దరఖాస్తు ఆఫీసుకు చేరాలి. సంవత్సరీకాలు అయ్యేదాకా ఏ పనీ తలపెట్టకూడదనుకునే కుటుంబాలు ఈ ఒక్క నమ్మకంతో గడువు పోగొట్టుకుంటున్నాయి. సంవత్సరీకం నాటికి గడువు ముగిసిపోయినట్టే.

దరఖాస్తుదారుకు పద్దెనిమిదేళ్లు నిండాలి. మైనరైతే, ఉద్యోగి మరణించిన రెండేళ్లలోపు ఆ వయసు వచ్చేవారికే అవకాశం. అంటే తండ్రి పోయేనాటికి కనీసం పదహారు నిండి ఉండాలన్నమాట.

ఒక ఉదాహరణ చూద్దాం. మండల ఆఫీసులో రికార్డ్ అసిస్టెంట్ మరణించాడు. భార్య ఇంటర్ పాసైంది, వయసు ముప్ఫై ఎనిమిది. కొడుక్కి పదమూడేళ్లు, ఎనిమిదో తరగతి. ఆమెను ఉద్యోగానికి అడగమంటే, “నాకెందుకు, వాడు పెద్దయ్యాక వాడే చేసుకుంటాడు. నా పేరు మీద తీసుకుంటే వాడి భవిష్యత్తు నేనే లాగేసుకున్నట్టు కాదా?” అంటుంది. చుట్టాలూ అదే సరైన మాట అంటారు. పెన్షన్ వస్తోందిగా అంటారు.

ఈ త్యాగం వల్ల ఆ పిల్లాడికి దక్కేది ఏమిటి? ఏమీ లేదు. అతనికి పద్దెనిమిది నిండేనాటికి అయిదేళ్లు గడిచిపోతాయి. గడువు దాటడం ఒక్కటే కాదు, అయిదేళ్లు ఎలాగో గడిచిన కుటుంబానికి ‘తక్షణ’ సంకటం లేదనే అర్థం చెబుతారు. బిహార్‌లో ఎక్సైజ్ కానిస్టేబుల్‌గా పనిచేసిన తల్లి చనిపోయేనాటికి కొడుకు పదేళ్లవాడు. మైనరు మేజరయ్యేదాకా పోస్టును అట్టేపెట్టి ఉంచడం కుదరదని 2000లో సుప్రీంకోర్టు చెప్పేసింది. హర్యానాలో విధి నిర్వహణలో మరణించిన కానిస్టేబుల్ కొడుక్కి అప్పటికి ఏడేళ్లు. 1997లో తండ్రి పోతే, మేజరయ్యాక అడిగిన కొడుక్కి 2024లో వచ్చిన తుది జవాబూ కాదనే. ఇవి క్రూరమైన తీర్పులనిపించవచ్చు. అనిపించినా, ఇప్పుడు అమల్లో ఉన్న మాట ఇదే.

కాబట్టి పిల్లలు చిన్నవాళ్లయితే తల్లే ముందుకు రావాలి. ఇంట్లోంచి కదలని మనిషి ఆఫీసుకు వెళ్లి ఏం చేస్తుందన్న సందేహం చుట్టాలకు ఉంటే ఉండనివ్వండి. జిల్లా ఆఫీసుల్లో టపా రాసుకునే జూనియర్ అసిస్టెంట్లలో, ఫైళ్లు మోసే ఆఫీస్ సబార్డినేట్లలో ఇలా వచ్చి పని నేర్చుకున్న మహిళలు ఎందరో ఉన్నారు. పిల్లాడి చదువు నిలబడేది ఆమె జీతంతోనే.

2. ఎవరి పేరు? ఇంట్లో తేల్చుకున్నాకే ఆఫీసుకు

భార్య లేదా భర్త, కొడుకు, కూతురు. ముందు వరస ఇది. చట్టబద్ధంగా దత్తత తీసుకున్న బిడ్డకూ షరతుల మీద అర్హత ఉంది. పెళ్లికాని ఉద్యోగి మరణిస్తే అతని మీద ఆధారపడిన తమ్ముడు లేదా చెల్లెలు అడగవచ్చు.

పెళ్లయిన కూతురి సంగతి చాలామందికి తెలియదు. మగపిల్లలు లేని ఇంట్లో, భార్య ఉద్యోగం వద్దనుకుంటే, మరణించిన ఉద్యోగి మీద ఆధారపడి బతుకుతున్న వివాహిత కుమార్తెను పరిశీలించేలా 1999 జూలైలో ఉమ్మడి రాష్ట్రంలోనే ఉత్తర్వు వచ్చింది. పెళ్లయిందన్న ఒక్క కారణంతో కూతుర్ని పక్కన పెట్టడం వివక్ష అని కర్ణాటక హైకోర్టు 2020లో చెబితే, ఆ మరుసటి ఏడాది సుప్రీంకోర్టు దాన్ని నిలబెట్టింది. అయితే ‘ఆధారపడి’ అన్న షరతు పోలేదు. పెళ్లయి వేరే ఇంట్లో ఉంటూ ఎన్నో ఏళ్ల తర్వాత వచ్చి అడిగిన కూతురికి, మహారాష్ట్ర కేసులో 2022లో, అదే కోర్టు కాదంది. కాబట్టి భర్త వదిలేసి పుట్టింట్లోనే ఉంటున్నారా? భర్తకు ఆదాయం లేక తండ్రే పోషించేవాడా? ఆ సంగతి రేషన్ కార్డుతో, చిరునామా రుజువులతో, తాసీల్దారు విచారణతో కాగితం మీదికి రావాలి.

రెండో పెళ్లి పిల్లల విషయంలో ఇళ్లలో జరిగే గొడవలు చెప్పనలవి కావు. రెండో భార్య సంతానమన్న ఒకే కారణంతో దరఖాస్తును తోసిపుచ్చడానికి వీల్లేదని సుప్రీంకోర్టు 2018లో ఒకసారి, 2022లో మరోసారి చెప్పింది. రెండు కేసులూ రైల్వేవే. అర్హత ఉందన్నారు గానీ ఉద్యోగం ఖాయమనలేదు; మిగతా షరతులు వాళ్లకూ వర్తిస్తాయి.

ఇంట్లో ఇద్దరు దరఖాస్తు చేస్తే? ఫైలు అక్కడికక్కడే ఆగుతుంది. అధికారి పంచాయితీ చెయ్యడు, “మీలో మీరు తేల్చుకురండి” అని లేఖ పంపి ఊరుకుంటాడు. అన్నదమ్ములిద్దరూ పోటీపడి, తల్లి చెరో సంతకం పెట్టి, ఏడాది అలా గడిచిపోయిన కేసులు ఏ జిల్లా ఆఫీసు బీరువాలోనైనా కనిపిస్తాయి.

అందుకే ముందు ఇంట్లో కూర్చోండి. మరణించినాయన తల్లిదండ్రులు బతికి ఉంటే వాళ్లనూ కూర్చోబెట్టండి. “ఉద్యోగం కోడలు తీసుకుంటే రేపు మమ్మల్ని ఎవరు చూస్తారు?” అన్న భయం ఆ ముసలివాళ్లది. దాన్ని కసిరి కొట్టడం కన్నా, వాళ్ల మందులకు నెలకు ఎంత ఇస్తారో ఆ రోజే మాట అనుకోవడం మేలు. కేంద్ర ప్రభుత్వ నియామకాల్లో, ఉద్యోగం పొందినవారు కుటుంబంలో మిగతావాళ్లను పోషిస్తామని రాసివ్వాలి. తర్వాత పోషించలేదని తేలితే ఉద్యోగమే పోవచ్చు. రాష్ట్రంలోనూ ఇలాంటి హామీపత్రం, మిగతావారి నిరభ్యంతర పత్రం అడుగుతారు. ఆ నిరభ్యంతర పత్రం నోటరీ స్టాంపు పేపరు మీద, అందరి సంతకాలతో, దరఖాస్తుతో పాటే పెట్టెయ్యండి. పెట్టేటప్పుడు మనస్ఫూర్తిగా పెట్టిన సంతకం ఆరు నెలల తర్వాత అడిగితే దొరకదు.

3. “ఇంట్లో సంపాదించేవాళ్లు ఉన్నారా?”

ఎక్కువ దరఖాస్తులు తిరిగొచ్చేది ఈ ప్రశ్న దగ్గర. కుటుంబంలో అప్పటికే సంపాదిస్తున్నవారుంటే కారుణ్య నియామకానికి అర్హత ఉండదన్నది రాష్ట్రంలో మూల షరతు. ఇందుకోసం తాసీల్దారు ఇచ్చే ‘నో ఎర్నింగ్ మెంబర్’ ధ్రువపత్రం కావాలి. మీసేవలో దరఖాస్తు చేస్తే రెవెన్యూ సిబ్బంది స్థాయిలో విచారణ జరుగుతుంది.

ఇక్కడ దాచిపెట్టాలన్న బుద్ధి పుడుతుంది. పెద్దకొడుకు హైదరాబాద్‌లో ప్రైవేటు కంపెనీలో చేస్తున్నాడు. పెళ్లయి వేరుగా ఉంటున్నాడు. ఇంటికి రూపాయి పంపడు. అతని సంగతి రాయకపోతే ఏం పోతుందనిపిస్తుంది. పోయేది చాలానే ఉంది. పక్కింటివాడి ఆకాశరామన్న ఉత్తరం ఒక్కటి చాలు, అయిదేళ్ల తర్వాతైనా విచారణ మొదలవుతుంది. తప్పుడు పత్రంతో వచ్చిన ఉద్యోగాన్ని సర్వీసు ఎంత గడిచినా తీసేయవచ్చు.

ఉన్నదున్నట్టు రాయండి. ఎప్పటినుంచి వేరుగా ఉంటున్నాడు, అతనికి ఎందరు పిల్లలు, తల్లికి సాయం చేస్తున్నాడా లేదా అన్నవి తేదీలతో రాసి, అతని చేతే ఒక అఫిడవిట్ ఇప్పించండి. విచారించి నిర్ణయించాల్సింది అధికారి. కేంద్ర నిబంధనల్లో సంపాదించే సభ్యుడున్నా, కుటుంబానికి అతని ఆసరా లేదని తేలితే శాఖ కార్యదర్శి అనుమతితో ఇచ్చే వీలు స్పష్టంగా రాసి ఉంది.

కుటుంబ పెన్షన్ వస్తోంది కదా, ఇక ఉద్యోగం ఇవ్వరేమో అనుకుని అడగడమే మానేసేవాళ్లూ ఉన్నారు. పెన్షన్, గ్రాట్యుటీ, జీపీఎఫ్, గ్రూప్ ఇన్సూరెన్స్ ఇవన్నీ ఆయన సర్వీసుకు రావాల్సినవి. వాటి కాగితాలు వేరు, వీటి కాగితాలు వేరు. రెండూ ఒకేసారి నడిపించండి. ఒకటి తేలాక ఇంకొకటి అని కూర్చుంటే ఏడాది ఇట్టే తిరిగిపోతుంది.

4. కాగితాల కట్ట

మరణ ధ్రువపత్రం పంచాయతీ లేదా మున్సిపాలిటీ నుంచి. ఆస్పత్రిలో పోతే ఆస్పత్రి ఉన్న ఊరిదే ఇస్తుంది, సొంతూరిది కాదు. కుటుంబ సభ్యుల ధ్రువపత్రం తాసీల్దారు దగ్గర. నో ఎర్నింగ్ పత్రం సంగతి పైన చెప్పుకున్నదే. దరఖాస్తుదారు పదో తరగతి మార్కుల మెమో (పుట్టినతేదీకి అదే రుజువు), పై చదువుల సర్టిఫికెట్లు, స్థానికత కోసం స్టడీ సర్టిఫికెట్లు, కుల ధ్రువపత్రం, ఆధార్. భార్య దరఖాస్తు చేస్తే మళ్లీ పెళ్లి చేసుకోలేదన్న ధ్రువీకరణ. ఇవి కాక నిరభ్యంతర పత్రాలు.

అన్నిట్లోకీ అతి చిన్నదీ అతి పెద్ద తలనొప్పీ ఒకటుంది. పేర్లు. సర్వీస్ రిజిస్టరులో ‘లక్ష్మీదేవి’, ఆధార్‌లో ‘లక్ష్మి’, మార్కుల మెమోలో ఇంటిపేరు పుట్టింటిది. ఆఫీసులో కూర్చున్న గుమాస్తాకు ఆ మూడూ ముగ్గురు మనుషులు. దరఖాస్తు ఇవ్వకముందే పేర్లన్నీ ఒక తెల్లకాగితం మీద వరసగా రాసుకుని చూడండి. తేడా ఉంటే, ఆ పేర్లన్నీ ఒక్కరివేనని తాసీల్దారు నుంచి పత్రమో, నోటరీ అఫిడవిటో ముందే తెచ్చుకోండి.

ఒరిజినల్స్ ఎవరికీ ఇచ్చేయకండి. చూపించి వెనక్కి తీసుకోవడమే.

5. దరఖాస్తు రాయడం, ఇవ్వడం

రెండు పేజీలు చాలు. మరణించినవారి పేరు, హోదా, ఎంప్లాయీ ఐడీ, పనిచేసిన ఆఫీసు, మరణించిన తేదీ. దరఖాస్తుదారుతో బంధుత్వం, వయసు, చదువు. కుటుంబంలో ఎవరెవరు ఉన్నారు, ఎవరు ఏం చదువుతున్నారు, అప్పులు ఎంత, ఇల్లు సొంతమా అద్దెదా. ఏ పోస్టుకైనా సిద్ధమేనా, జిల్లాలో ఎక్కడైనా చేస్తారా. జతచేసిన పత్రాల పట్టిక. కన్నీళ్లు పెట్టించే భాష అవసరం లేదు, అంకెలు మాట్లాడతాయి.

ఇచ్చేది ఆయన చివరిగా పనిచేసిన ఆఫీసు అధిపతికి. ఇచ్చేటప్పుడు రెండో కాపీ మీద ఇన్‌వార్డు నంబరు, తేదీ, ముద్ర వేయించుకోండి. ఆయనతో కలిసి పనిచేసిన మిత్రుడు “నేను సెక్షన్‌లో ఇచ్చేస్తాలే వదినా” అంటాడు. ఇవ్వడానికి ఆయన సాయం తీసుకోండి. ముద్ర మాత్రం మీ చేతికి రావాలి. గడువు ముగిశాక ఆ ముద్ర ఒక్కటే మీ తరఫున సాక్ష్యం చెబుతుంది. ఆఫీసులో తీసుకోకపోతే స్పీడ్ పోస్టులో, అందినట్టు రసీదు వచ్చేలా పంపండి.

ఒక పత్రం ఇంకా రాలేదని దరఖాస్తు ఆపుకోవద్దు. ఉన్నవాటితో ఇచ్చి, రావాల్సింది ఏమిటో అందులోనే రాసి, తర్వాత జతచేయవచ్చు.

6. ఏ పోస్టు అడగాలి?

రాష్ట్రంలో జూనియర్ అసిస్టెంట్, దానికి సమానమైన పోస్టు, లేదా అంతకన్నా కిందివి. మరణించినాయన గెజిటెడ్ అధికారి అయినా ఇంతే. పోస్టును తేల్చేది దరఖాస్తుదారు చదువు. డిగ్రీ లేకుండా ఇంటర్ మీద జూనియర్ అసిస్టెంటుగా తీసుకుని, గడువులోగా డిగ్రీ పూర్తిచేయమనే వెసులుబాటు కూడా ఉంది. ఆ షరతు నియామక ఉత్తర్వులో రాసి ఉంటుంది. ఉద్యోగం వచ్చిన సంతోషంలో దాన్ని మర్చిపోయి, గడువు దాటాక దూరవిద్య ఫీజు కట్టడానికి పరిగెత్తేవాళ్లు తక్కువేం కాదు.

“ఇప్పుడు అటెండరుగా చేరి, తర్వాత మార్పించుకుందాం” అన్న సలహా ఇచ్చేవాళ్లను నమ్మకండి. రాజస్థాన్‌లో తండ్రి ఎస్సై. కొడుకు కారుణ్యం కింద గుమాస్తాగా (ఎల్‌డీసీ) చేరి, తర్వాత ఎస్సై పోస్టు కావాలన్నాడు. ఒకసారి ఉద్యోగం తీసుకున్నాక ఆ అవకాశం అక్కడితో తీరిపోయిందని 1994లోనే సుప్రీంకోర్టు చెప్పింది. చేరాక ముందుకెళ్లే దారి శాఖా పరీక్షలు, పదోన్నతులు మాత్రమే. అర్హత ఉండి పై పోస్టు అడగదలచుకుంటే చేరకముందే అడగండి. అలాగని జూనియర్ అసిస్టెంటు ఖాళీ వచ్చేదాకా ఖాళీగా కూర్చోవడమూ తెలివైన పనేం కాదు. ఇంట్లో బియ్యం ఎన్నాళ్లకు ఉన్నాయో చూసుకుని నిర్ణయించుకోవాల్సిన సంగతి ఇది.

మీ శాఖలో ఖాళీ లేదన్నారా? అక్కడితో కథ అయిపోలేదు. శాఖ ఆ దరఖాస్తును జిల్లా కలెక్టరుకు పంపితే, ఇతర శాఖల్లోని ఖాళీలకు కేటాయించే ఏర్పాటు ఉంది. అడగాల్సిన ప్రశ్న ఇది: “మా ఫైలు కలెక్టరేటుకు ఏ తేదీన, ఏ నంబరుతో పంపారు?”

7. ఫైలు కదలకపోతే

నెలకోసారి వెళ్లి గుమ్మం దగ్గర నిలబడి రావడం వల్ల ఫైలు కదలదు. వెళ్లినప్పుడల్లా ఒక లేఖ ఇచ్చి, ముద్ర వేయించుకుని రండి. మూడు నెలలైనా జవాబు లేకపోతే సమాచార హక్కు చట్టం కింద అడగండి: ఫైలు ఎవరి దగ్గర ఉంది, నోట్ ఫైల్లో ఏం రాశారు, సీనియారిటీ జాబితాలో మీ వరస ఎంత, ఖాళీలు ఎన్ని. 30 రోజుల్లో జవాబివ్వాలి. రెండు రాష్ట్రాల్లోనూ గ్రామ స్థాయిలో ఫీజు లేదు, మండలంలో అయిదు రూపాయలు, ఆ పైన పది.

ఆలస్యం మీద కోర్టులు ప్రభుత్వాలను గట్టిగానే మందలించాయి. బోర్డర్ రోడ్స్ సంస్థలో స్టోర్ కీపరుగా పనిచేసిన భర్త 1982లో పోతే, పరీక్ష, ఇంటర్వ్యూ పాసైన సుష్మా గోసాయిన్‌ను, మహిళలను తీసుకోవడంపై నిషేధం ఉందంటూ తిప్పించారు. పోస్టు లేకపోతే అదనపు పోస్టు సృష్టించైనా ఇవ్వాలని, ఇలాంటి కేసుల్లో జాప్యం పనికిరాదని 1989లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. 2022లో ఒడిశా కేసులో, పూర్తి దరఖాస్తు అందిన ఆరు నెలల్లోగా తేల్చాలని ఆదేశించింది. మీ రిమైండరు లేఖలో ఈ రెండో తీర్పును ఒక్క వాక్యంలో ప్రస్తావించండి, చాలు.

కానీ ఆలస్యం మీ వైపు నుంచి ఉంటే? పశ్చిమ బెంగాల్ మున్సిపాలిటీల ఉద్యోగుల పిల్లలు 2005, 2006 ప్రాంతంలో దరఖాస్తు చేసి, దాదాపు పదేళ్ల తర్వాత కోర్టుకెక్కారు. 2023లో సుప్రీంకోర్టు కుదరదంది. ఇన్నేళ్లు నెట్టుకొచ్చిన కుటుంబానికి ఇప్పుడు ఆ సంకటం లేదన్నదే వాదన. కాబట్టి తిరస్కరణ లేఖ వస్తే, కారణం చదివి, నెలల్లో కదలండి. రాష్ట్ర ఉద్యోగుల కేసులు హైకోర్టుకు, కేంద్ర ఉద్యోగుల కేసులు కేంద్ర పరిపాలన ట్రిబ్యునల్‌కు వెళతాయి.

లాయరు ఫీజుకు భయపడుతున్నారా? 1987 నాటి న్యాయ సేవల ప్రాధికార సంస్థల చట్టం ప్రకారం మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం దక్కుతుంది. జిల్లా కోర్టు ఆవరణలోనే ఆ సంస్థ ఆఫీసు ఉంటుంది. హైకోర్టు కేసుకైనా దారి అక్కడి నుంచే చూపిస్తారు. భర్త పోయిన ఎందరో స్త్రీలు ఆ గడప తొక్కకుండానే పుస్తెలమ్మి లాయర్లకు కడుతున్నారు.

8. దళారులు

“సెక్రటేరియట్‌లో మనవాడున్నాడు, రెండు లక్షలిస్తే పోస్టింగ్ ఆర్డరు ఇప్పిస్తా” అనేవాడు చావు ఇంటి వాసన ఎలా పసిగడతాడో గానీ తప్పకుండా వస్తాడు. గ్రాట్యుటీ డబ్బు ఎప్పుడు ఖాతాలో పడుతుందో కూడా వాడికి తెలుసు. డబ్బు ఇవ్వకండి. లంచం అడిగింది ఆఫీసువాళ్లే అయితే ఏసీబీ టోల్ ఫ్రీ నంబరు 1064.

దళారుల సంగతి అలా ఉంచితే, ఇప్పటిదాకా చెప్పుకున్నది కాకుండా వేరే దారిలో వచ్చే కేసులు మూడు. కనిపించకుండా పోయిన ఉద్యోగి కుటుంబానికీ ఈ పథకం వర్తిస్తుంది, ఏడేళ్లు గడిచాక. దానికి పోలీసు కేసు, ఆచూకీ దొరకలేదన్న పోలీసు నివేదిక ఉండాలి. కనుక మనిషి తప్పిపోయిన వారంలోనే ఎఫ్‌ఐఆర్ చేయించకపోతే ఏడేళ్ల తర్వాత చేతిలో ఏమీ ఉండదు. జబ్బుతో ఉద్యోగం చేయలేని స్థితికి వచ్చి, రిటైర్మెంటుకు ఇంకా అయిదేళ్లు ఉండగా మెడికల్ ఇన్‌వ్యాలిడేషన్ మీద వైదొలిగినవారి పిల్లలకు కూడా దారి ఉంది. ఆంధ్రప్రదేశ్‌లోని ఆ పథకం రాజ్యాంగబద్ధమేనని 2008లో సుప్రీంకోర్టు నిలబెట్టింది. కానీ మెడికల్ బోర్డు చూస్తుంది, జబ్బుల జాబితా ఉంది, పైరవీలకు పేరుమోసిన దారి కూడా అదే కాబట్టి పరిశీలన గట్టిగా ఉంటుంది.

మూడోది కేంద్రం. అక్కడ గ్రూప్-సి ప్రత్యక్ష నియామక ఖాళీల్లో అయిదు శాతమే కారుణ్యానికి. అర్హులందరికీ మార్కులు వేసి, ఎవరు ఎక్కువ ఇబ్బందుల్లో ఉన్నారో వాళ్లకే ఇస్తారు. ఒకప్పటి మూడేళ్ల కాలపరిమితిని 2012 జూలైలో ఎత్తేశారు గనుక, ఈ ఏడాది రాకపోతే మళ్లీ పరిశీలించమని అడగవచ్చు. రైల్వేకు వేరే పథకం ఉంది, అయిదు శాతం పరిమితి దానికి లేదు. ఆత్మహత్య చేసుకున్న ఉద్యోగి కుటుంబం కూడా అర్హమేనని కేంద్ర నిబంధనల్లో ఉంది. ఆ మాట తెలియక సిగ్గుతోనో భయంతోనో వెనకాడే కుటుంబాలకు ఎవరైనా చెవిన వెయ్యాలి.

కాంట్రాక్టు, అవుట్‌సోర్సింగ్ ఉద్యోగుల కుటుంబాలకు ఈ పథకం వర్తించదు. అది అన్యాయమా కాదా అన్నది వేరే చర్చ, జరగాల్సిన చర్చ.

ఇక, ఈ అధ్యాయం చదువుతున్న మీరే సర్వీసులో ఉంటే మీకొక పని. ఈ వారంలో ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్‌కు వెళ్లి మీ సర్వీస్ రిజిస్టరు తీయించండి. భార్య పేరు, పిల్లల పేర్లు, పుట్టినతేదీలు ఆధార్‌తో, మార్కుల మెమోలతో కలుస్తున్నాయో లేదో చూడండి. పెళ్లికి ముందు రాసిన నామినేషన్లు ఇంకా అలాగే ఉంటే మార్చండి. అవన్నీ ఎక్కడున్నాయో ఇంట్లో ఒకరికి చెప్పి ఉంచండి.